పాత ఆఫీసుకు అరబిక్ నేర్పడం

కొంతకాలం కిందట ఒక మిత్రుడు ఫోన్ చేసి, తన కంప్యూటరులో అరబిక్ ఉత్తరాలు రాయవలసి వస్తోందని, "ఫాంటు ఒకటి వేసి వెళ్లు, అంతే చాలు" అని అడిగాడు. ఆ కంప్యూటరులో ఉన్నవి మైక్రోసాఫ్ట్ వారి విండోస్ ఎక్స్‌పీ, ఆఫీస్ 2003. ఆ రెంటికీ 2014 ఏప్రిల్ 8తోనే తయారీదారు మద్దతు ముగిసిపోయింది. అయినా అతను వాటిని వదలకపోవడానికి కారణం ఉంది. ఏళ్ల తరబడి పేర్చుకున్న ఉత్తరాల నమూనాలు, వాటి వెనక ఎవరో రాసిపెట్టిన మాక్రోలు (పనిని దానంతటదే జరిపించే చిన్న ఆజ్ఞల వరుసలు) కొత్త ఆఫీసులో తెరిస్తే సగం పనిచేస్తాయి, సగం మొరాయిస్తాయి. ఇంటర్నెట్‌కు కలపకుండా ఉత్తరాలు అచ్చు తీయడానికి మాత్రమే వాడుకునే యంత్రం కాబట్టి మార్చమని నేనూ పట్టుబట్టలేదు. ఫాంటు వేయడానికి ఎంతసేపులే అనుకుంటూ వెళ్లినవాణ్ని రెండు ఆదివారాలు అక్కడే కూర్చున్నాను. ఆ రెండు రోజుల్లో తెలుసుకున్నదీ, అంతకుముందు తెలుసనుకుని పొరబడ్డదీ ఇక్కడ రాసిపెడుతున్నాను. ఇలాంటి పాత యంత్రాలతో కుస్తీ పట్టేవాళ్లు ఇంకా ఉన్నారు.

మొదట ఆ ఫాంటు సంగతే చూద్దాం. అరబిక్ అక్షరాలున్న ఫాంట్లు ఆ యంత్రంలో అప్పటికే ఉన్నాయి. టైమ్స్ న్యూ రోమన్, ఏరియల్, టహోమా మూడింటిలోనూ అరబిక్ ఉంది. కొరవడినది ఆ అక్షరాలను కూర్చే ఏర్పాటు. అరబిక్ వర్ణమాలలో అక్షరాలు 28. వాటిలో చాలావాటికి నాలుగేసి రూపాలు: ఒంటరిగా ఉన్నప్పుడు ఒకటి, పదం మొదట్లో ఒకటి, నడుమ ఒకటి, చివర ఒకటి. ఐన్ అనే అక్షరాన్నే తీసుకుంటే, పదం నడుమ అది చిన్న ముడిలా కనిపిస్తుంది, ఒంటరిగా ఉంటే పెద్ద కొంకిలా కిందికి దిగుతుంది. లిపి రానివారికి ఆ రెండూ ఒకే అక్షరమని చెబితే నమ్మకం కుదరదు. అలిఫ్, దాల్, ధాల్, రా, జాయ్, వావ్ అనే ఆరు అక్షరాలు తమకు ముందున్న అక్షరంతో కలుస్తాయి గానీ తరువాత వచ్చేదానితో కలవవు. లామ్ తరువాత అలిఫ్ వస్తే రెండూ కలిసి మరో రూపం ధరిస్తాయి. ఫైలులో మాత్రం ఈ రూపాలేవీ ఉండవు. అక్కడ ఉండేది ఏ అక్షరం తరువాత ఏ అక్షరం అన్న వరుస మాత్రమే. దాన్ని చూసి ఎక్కడ ఏ రూపం వేయాలో తేల్చేది ఫాంటుకూ ప్రోగ్రాముకూ మధ్యనున్న మరొక యంత్రాంగం. విండోస్‌లో దాని పేరు యూనిస్క్రైబ్.

తెలుగు చదివేవారికి ఇది కొత్తగా తోచనక్కరలేదు. మన 'క్ష' కూడా ఫైలులో ఒక అక్షరం కాదు. క, పొల్లు, ష అనే మూడు సంకేతాల వరుస. ఆ వరుసను ముడివేసేవాడు లేకపోతే తెర మీద క పక్కన పొల్లు, దాని పక్కన ష విడివిడిగా నిలబడతాయి. ఎక్స్‌పీలో తెలుగునూ అరబిక్‌నూ కూర్చేది ఆ యూనిస్క్రైబే. నేను పొరబడ్డది ఇక్కడే. తెలుగుకు కావలసిన ఏర్పాటు చేసిన అనుభవం ఉంది కాబట్టి అరబిక్ కూడా అంతేననుకున్నాను. అరబిక్‌కు ఉన్న రెండో చిక్కు, అంటే దిశ, తెలుగుకు లేదు. ఆ రెండు ఆదివారాల్లో ఎక్కువ భాగం దానికే పోయింది.

ఎక్స్‌పీలో పని మొదలయ్యేది కంట్రోల్ ప్యానెల్‌లోని రీజనల్ అండ్ లాంగ్వేజ్ ఆప్షన్స్‌లో. అక్కడ లాంగ్వేజెస్ అనే రెండో పుటలో, ఇలా అక్షరాలను కూర్చి చూపవలసిన సంక్లిష్ట లిపులకూ కుడి నుంచి ఎడమకు రాసే భాషలకూ కావలసిన ఫైళ్లను పెట్టమనే గడి ఒకటి ఉంటుంది. దానిలో టిక్ పెడితే అరబిక్, ఆర్మేనియన్, జార్జియన్, హీబ్రూ, భారతీయ లిపులు, థాయ్, వియత్నామీస్ అన్నిటికీ కలిపి ఒకేసారి ఫైళ్లు దిగుతాయి, అందుకు 10 మెగాబైట్లో మరికాస్తో స్థలం కావాలని హెచ్చరిక వస్తుంది. చైనీస్, జపనీస్‌ల కోసం దాని కిందే ఉన్న మరో గడి 230 మెగాబైట్లు అడుగుతుంది. దానితో మనకు పని లేదు. ఆ తరువాత యంత్రం ఎక్స్‌పీ సీడీ పెట్టమంటుంది, అందులోని ఐ386 అనే ఫోల్డరు చూపమంటుంది. ఇరవయ్యేళ్ల నాటి సీడీ ఎవరింట్లో ఉంటుంది? దాన్ని వెతికి పట్టుకోవడంతోనే మొదటి ఆదివారం మధ్యాహ్నం దాటింది. మీ యంత్రంలో విస్టాగానీ అంతకన్నా కొత్త విండోస్‌గానీ ఉంటే ఈ మెట్టే లేదు. విస్టా నుంచి ఆ ఫైళ్లు ముందే ఉంటాయి.

యంత్రాన్ని ఒకసారి ఆపి మళ్లీ మొదలుపెట్టాక, అదే పుటలో డీటెయిల్స్ అనే మీట నొక్కి అరబిక్ కీబోర్డును చేర్చాలి. ఇక్కడ ఉత్త 'అరబిక్' అని ఒకటే కనిపించదు. సౌదీ అరేబియా, ఈజిప్టు, ఇరాక్, మొరాకో ఇలా 16 దేశాల పేర్లతో 16 అరబిక్‌లు కనిపిస్తాయి. ఏదైతే ఏమిటని మొదటిది ఎంచుకుంటే అక్షరాల వరకు నష్టం లేదు గానీ, తేదీల దగ్గర తేడా వస్తుంది. జనవరిని ఈజిప్టులో యనాయిర్ అంటారు, సిరియా, ఇరాక్, లెబనాన్, జోర్డాన్‌లలో కానూన్ అస్సానీ అంటారు. ఉత్తరం ఎవరికి వెళుతుందో ఆ దేశాన్ని ఎంచుకోవడమే మర్యాద. కీబోర్డు అమరికల్లో 101, 102, ఫ్రెంచి కీబోర్డు వాడేవారికోసం మరో 102 ఉంటాయి. మామూలు ఇంగ్లీషు కీబోర్డు మీద రాసేవారికి 101 సరిపోతుంది. ఒక భాష నుంచి మరో భాషకు మారడానికి ఎడమ ఆల్ట్, షిఫ్ట్ మీటలు కలిపి నొక్కాలి.

ఇంతవరకు చేసి నోట్‌ప్యాడ్ తెరిస్తే అరబిక్ అందంగా, కలిసికట్టుగా, కుడి నుంచి ఎడమకు వచ్చింది. పని అయిపోయిందనుకున్నాం. వర్డ్ తెరిస్తే అక్షరాలు కలిశాయి గానీ, పేరా దిశ మార్చే మీటలే ఎక్కడా లేవు. విండోస్‌కు భాష నేర్పినంత మాత్రాన ఆఫీసుకు నేర్పినట్టు కాదు. ఆఫీసుకు విడిగా చెప్పాలి. స్టార్ట్ మెనూలో మైక్రోసాఫ్ట్ ఆఫీస్ కింద టూల్స్ అనే చిన్న గుంపు ఉంటుంది, అందులో ఆఫీస్ 2003 లాంగ్వేజ్ సెట్టింగ్స్ అనే చిన్న ప్రోగ్రాము ఉంటుంది. ఎక్కువమంది దాన్ని ఒక్కసారైనా తెరిచి ఉండరు. అందులో ఎడమవైపు జాబితా నుంచి అరబిక్‌ను కుడివైపు జాబితాకు చేర్చి, వర్డ్‌నూ ఎక్సెల్‌నూ మూసి తెరిస్తే, అప్పటిదాకా కనబడని సామాను ఒక్కొక్కటే బయటపడుతుంది. ఉపకరణాల పట్టీ మీద దిశను సూచించే రెండు పేరా గుర్తులు వస్తాయి, ఫాంటు పెట్టెలో సంక్లిష్ట లిపులకంటూ వేరే భాగం పుడుతుంది, ఆప్షన్స్‌లో ఒక కొత్త పుట చేరుతుంది, వెతికే పెట్టెలో కూడా నాలుగు కొత్త గడులు వస్తాయి. ఇవన్నీ మొదటినుంచీ ప్రోగ్రాములోనే దాగి ఉన్నాయి, అడిగేదాకా చూపించలేదంతే. ఆఫీస్ 2007లో కూడా ఈ చిన్న ప్రోగ్రాము విడిగానే ఉంది. 2010 నుంచి ఫైల్ మెనూలోని ఆప్షన్స్‌లో లాంగ్వేజ్ అనే పుటలోకి చేరింది.

స్పెల్లింగ్ చూసే సదుపాయం మాత్రం ఇందులో రాదు. దానికి ప్రూఫింగ్ టూల్స్ అనే వేరే సరుకు కొనుక్కోవలసి వచ్చేది. మిత్రుడికి అది అక్కరలేకపోయింది.

ఇక దిశ. కంప్యూటరులో అరబిక్ వాక్యం నిలవ ఉండేది చదివే వరుసలోనే: మొదట పలికే అక్షరం మొదట, చివర పలికేది చివర. తెర మీద వేసేటప్పుడు మాత్రమే దాన్ని కుడి నుంచి పరుస్తారు. ఆ వాక్యం నడుమ ఇంగ్లీషు మాటో అంకెలో వస్తే ఆ ముక్కను ఎడమ నుంచి కుడికి పరిచి, మళ్లీ అరబిక్‌ను కుడి నుంచి కొనసాగించాలి. దీనికి, ప్రపంచ లిపుల్లోని ప్రతి అక్షరానికీ ఒక సంఖ్య కేటాయించే యూనికోడ్ వారు ఒక నియమావళి రాశారు. అందులో అరబిక్ అక్షరాలకూ లాటిన్ అక్షరాలకూ సొంత దిశ ఉంటుంది గానీ, చుక్క, ఖాళీ, అడ్డగీత, కుండలీకరణం వంటివాటికి సొంత దిశ ఉండదు. అవి తమకు ఇరుపక్కల ఉన్నవారిని బట్టి, ఇరుపక్కల వారూ విభేదిస్తే పేరా దిశను బట్టి నడుచుకుంటాయి. గొడవలన్నీ ఈ తటస్థుల దగ్గరే పుడతాయి.

మిత్రుడి దగ్గర అంతకుముందు వేరేవారు టైపు చేసి ఇచ్చిన అరబిక్ ఫైళ్లు కొన్ని ఉన్నాయి. అన్నిటిలోనూ వాక్యం చివర ఉండవలసిన చుక్క పేరాకు కుడి అంచున, అంటే వాక్యం మొదలయ్యే చోట, వచ్చి కూర్చుంది. చూడగానే జబ్బు ఏమిటో చెప్పవచ్చు. టైపు చేసినవారు పేరా దిశను మార్చలేదు. ఎడమ నుంచి కుడికి నడిచే పేరానే కుడి అంచుకు జరిపారు. కుడికి జరపడం వేరు, కుడి నుంచి మొదలుపెట్టడం వేరు. పేరా దిశ ఎడమ నుంచి కుడికే ఉంది కాబట్టి, చివరి చుక్క ఆ దిశలో చివరకు, అంటే కుడి కొసకు, వెళ్లిపోయింది. అక్కడితో ఊరుకున్నా బాగుండేది. కొన్ని ఫైళ్లలో ఆ చుక్కను "సరిచేయడానికి" వాక్యం మొదట్లోనే చుక్క పెట్టారు, కుండలీకరణాలను తిరగేసి కొట్టారు, పొడుగు వాక్యాలను ప్రతి వరుస చివరా ఎంటర్ నొక్కి తుంచారు. కాగితం మీద అచ్చు తీస్తే అవి చక్కగానే ఉంటాయి. అంచు కాస్త మార్చినా, మరో ఫైలులోకి తీసుకువెళ్లినా, ఒక మాట చేర్చినా అంతా కుప్పకూలుతుంది. ఈ పద్ధతి మీద నాకు జాలి కన్నా కోపమే ఎక్కువ. కనబడేదాన్ని సరిచేసి ఉన్నదాన్ని పాడుచేయడం అది.

సరైన మార్గం రెండు మీటల దూరంలోనే ఉంది. కర్సరు పేరాలో ఉంచి కంట్రోల్, కుడి షిఫ్ట్ కలిపి నొక్కితే పేరా కుడి నుంచి ఎడమకు తిరుగుతుంది. కంట్రోల్, ఎడమ షిఫ్ట్ నొక్కితే తిరిగి ఎడమ నుంచి కుడికి వస్తుంది. షిఫ్ట్ మీట ఏ పక్కదో దిశ ఆ పక్కనుంచి మొదలవుతుందని గుర్తుపెట్టుకుంటే చాలు. పట్టికలకు ఇది చాలదు. పట్టిక లక్షణాల పెట్టెలో పట్టిక దిశ అని విడిగా ఉంటుంది, దాన్ని మారిస్తే మొదటి నిలువు వరుస కుడివైపుకు వస్తుంది. పాత ఫైళ్లలో పట్టిక వరుసలను చేత్తో తారుమారు చేసి పెట్టిన చోట మళ్లీ చేత్తోనే సరిచేయవలసి వచ్చింది.

పేరా దిశ సరిగా ఉన్నా కొన్ని చోట్ల తటస్థులు మాట వినరు. అరబిక్ పేరాలో సీ ప్లస్ ప్లస్ అనే ప్రోగ్రామింగ్ భాష పేరు గుర్తులతో రాసి చూడండి. రెండు ప్లస్‌లూ సీకి ఎడమవైపుకు దూకుతాయి. అడ్డగీతలతో గుంపులుగా విడదీసి రాసిన ఫోన్ నంబరు అరబిక్ వాక్యంలో పడితే, ఒక్కో గుంపులోని అంకెలు సరిగానే ఉన్నా గుంపుల వరుస తలకిందులవుతుంది. మన ఉత్తరాల్లో అన్నిటికన్నా ప్రమాదకరమైనది ఇదే. అక్షరం తప్పయితే చదివేవాడికి తెలుస్తుంది, నంబరు తప్పయితే తెలియదు. దీనికి మందు కంటికి కనబడని రెండు గుర్తులు: ఎడమ నుంచి కుడికి అని చెప్పే గుర్తు, కుడి నుంచి ఎడమకు అని చెప్పే గుర్తు. వెడల్పు లేని అక్షరాల్లా ఇవి వాక్యంలో కూర్చుని, పక్కనున్న తటస్థులకు దిశ చూపిస్తాయి. యూనికోడ్‌లో వీటి సంఖ్యలు 200ఇ, 200ఎఫ్. వర్డ్‌లో ఆ సంఖ్యను ఇంగ్లీషు అక్షరంతోనే టైపు చేసి, వెంటనే ఆల్ట్, ఎక్స్ నొక్కితే ఆ సంఖ్య మాయమై గుర్తు చేరుతుంది. సీ ప్లస్ ప్లస్ తరువాత 200ఇ పెడితే ప్లస్‌లు తమ చోటికి వస్తాయి. అడ్డగీతల నంబరుకు మాత్రం నేను మరింత మొరటు ఉపాయం వాడాను. అడ్డగీతలు తీసేసి అంకెలన్నీ కలిపి రాశాను.

ఫాంటు పెట్టెలో సంక్లిష్ట లిపులకు వేరే భాగం పుడుతుందని పైన చెప్పాను. దాని ప్రభావం మొదట అర్థం కాక చాలాసేపు తల పట్టుకున్నాం. వర్డ్ ప్రతి అక్షర సమూహానికీ రెండు జతల లక్షణాలు దాచుకుంటుంది: లాటిన్ వంటి లిపులకు ఒక ఫాంటు, ఒక పరిమాణం, ఒక మందం, అరబిక్, హీబ్రూ, భారతీయ లిపుల వంటివాటికి మరొకటి. అందుకే ఇంగ్లీషు 12 పాయింట్లలో, అరబిక్ 16 పాయింట్లలో ఒకే పేరాలో ఉండగలవు. సంప్రదాయ అరబిక్ ఫాంట్లలో అక్షరం చిన్నగా కనబడుతుంది కాబట్టి ఆ తేడా అవసరం కూడా. అయితే మిత్రుడి మాక్రోలకు ఈ సంగతి తెలియదు. శీర్షికను మందం చేయమని అవి ఆజ్ఞాపిస్తే ఇంగ్లీషు మందమయ్యేది, అరబిక్ కదిలేది కాదు. మాక్రో భాషలో మందానికి బోల్డ్ అనే లక్షణంతో పాటు బోల్డ్‌బై అనేది, పరిమాణానికి సైజ్‌బై, ఫాంటు పేరుకు నేమ్‌బై అనేవి వేరుగా ఉన్నాయి. ద్విదిశ లిపులకోసం చేర్చినవి. వాటిని ప్రతి చోటా రెండో వరుసగా రాసుకుంటూ పోయాను. పేరా దిశకు రీడింగ్ ఆర్డర్ అనే లక్షణం ఉంది.

మాక్రోలు రాసే కిటికీలో ఇంకో ఇబ్బంది కాచుకుని ఉంది. ఆ కిటికీకి యూనికోడ్ రాదు. అరబిక్ మాటను కొటేషన్లలో అతికిస్తే వరుసగా ప్రశ్నార్థకాలు వచ్చాయి. మొత్తం యంత్రపు యూనికోడేతర భాషను అరబిక్‌కు మార్చి, మళ్లీ మొదలుపెట్టి పని జరిపించుకోవచ్చు గానీ, ఆ మార్పు మిగతా పాత ప్రోగ్రాములన్నిటి మీదా పడుతుంది. ఒక సమయంలో ఒక భాషకే ఆ పీట. అందుకని అరబిక్ మాటలను మాక్రోలో అక్షరాలుగా కాక సంఖ్యలుగా రాశాను: సీహెచ్ఆర్‌డబ్ల్యూ (ChrW) అనే ఒక ఆజ్ఞకు 1587 ఇస్తే సీన్ అనే అక్షరాన్ని ఇస్తుంది. పది మాటలకు ఈ పద్ధతి బాగానే ఉంది. అంతకన్నా ఎక్కువైతే ఒక వర్డ్ ఫైలులో పట్టికగా రాసి పెట్టుకుని మాక్రో అక్కడినుంచి తెచ్చుకునేలా చేయడం మేలు.

రెండో ఆదివారం పాత ఫైళ్లతో గడిచింది. అరబిక్ పాడైపోయిందని చెప్పి ఎవరైనా ఫైలు చూపితే, ఎలా పాడైందో చూడగానే సగం సంగతి తెలుస్తుంది. అక్షరాల స్థానంలో ఖాళీ చతురస్రాలు కనిపిస్తే ఫాంటులో ఆ అక్షరాలు లేవన్నమాట, ఫైలుకేమీ కాలేదు. నెత్తిన గీతలు, టోపీలు తగిలించుకున్న లాటిన్ అక్షరాలు గుంపులుగా కనిపిస్తే, ఫైలు విండోస్ 1256 అనే పాత సంకేత పట్టికలో (ఏ సంఖ్య ఏ అక్షరమో చెప్పే పట్టికలో) ఉంది, ప్రోగ్రాము దాన్ని పశ్చిమ ఐరోపా పట్టికతో చదువుతోంది. ఇది కూడా పూర్తిగా కోలుకునే జబ్బే. ఆప్షన్స్‌లో తెరిచేటప్పుడు మార్పిడిని ధ్రువీకరించమనే గడికి టిక్ పెట్టి, ఆ ఫైలును ఉత్త టెక్స్టుగా తెరుస్తూ అరబిక్ (విండోస్) అనే పట్టికను ఎంచుకుంటే సరి. వరుసగా ప్రశ్నార్థకాలు కనిపిస్తే మాత్రం ఎవరూ ఏమీ చేయలేరు. ఏదో ఒక దశలో ఒక ప్రోగ్రాము తనకు తెలియని అక్షరాన్ని చెరిపి దాని స్థానంలో నిజంగానే ప్రశ్నార్థకం రాసి భద్రపరిచింది. మా దగ్గరున్న వాటిలో రెండు ఫైళ్లు అలా పోయాయి. కాగితం మీదున్న ప్రతి చూసి మళ్లీ టైపు చేయించాం.

అరబిక్‌కు ఒకే పాత పట్టిక ఉండి ఉంటే ఇంత తికమక ఉండేది కాదు. అరబ్ ప్రమాణాల సంస్థ వారి ఆస్మో 708, దాని ఆధారంగా 1987లో వచ్చిన ఐఎస్ఓ 8859-6, డాస్ కాలపు 720, 864, ఆపైన విండోస్ 1256, ఇన్ని ఉన్నాయి; మొదటి రెండూ దాదాపు ఒకటే గానీ, మిగతావి ఒకదానికొకటి పొసగనివి. వీటిలో 864 విచిత్రమైనది. అది అక్షరాలను కాక వాటి రూపాలను నిలవ చేస్తుంది, కూర్చే యంత్రాంగం లేని యంత్రాలకోసం. యూనికోడ్ కూడా పాత పట్టికలతో పొత్తు కుదరడానికి అలాంటి రూపాలను విడిగా, వేరే పేటలో ఉంచింది. అసలు అరబిక్ అక్షరాల పేట 0600 దగ్గర మొదలవుతుంది, ఈ రూపాల పేటలు ఎఫ్‌బీ50, ఎఫ్ఈ70ల దగ్గర మొదలవుతాయి. కొన్ని పీడీఎఫ్‌ల నుంచి నకలు తీసిన పాఠం ఈ రెండో రకంగా వస్తుంది, ఒక్కోసారి తిరగబడి కూడా వస్తుంది. కంటికి తేడా తెలియదు. వర్డ్‌లో అదే మాటను కీబోర్డు మీద కొట్టి వెతికితే దొరకదు. యూనికోడ్‌కు ముందటి తెలుగు ఫాంట్లలో టైపు చేసిన ఫైలులో తెలుగు మాటను వెతికినవారికి ఆ అనుభవం గుర్తుండే ఉంటుంది.

వెతకడం గురించి చెబుతున్నాను కాబట్టి ఆ నాలుగు కొత్త గడుల సంగతి కూడా. అరబిక్‌లో మాటను సాగదీసి వరుస నింపడానికి కషీదా అనే గీత వాడతారు. అచ్చులను చూపే చిన్న గుర్తులను పైనా కిందా కొందరు పెడతారు, కొందరు పెట్టరు. అలిఫ్ మీద హమ్జా అనే చిన్న గుర్తును చాలామంది వదిలేస్తారు. ఆ తేడాలను లెక్కలోకి తీసుకోవాలా, కంటికి కనబడని దిశ గుర్తులను పట్టించుకోవాలా అన్నవే ఆ నాలుగు గడులు. నాలుగూ ఖాళీగా వదిలితే ఎక్కువ ఫలితాలు దొరుకుతాయి.

ఎక్సెల్‌లో పని తక్కువ. ఆప్షన్స్‌లో ఇంటర్నేషనల్ అనే పుటలో ఈ షీటును కుడి నుంచి ఎడమకు చూపించమని చెబితే ఏ అనే నిలువు వరుస కుడి కొసకు వెళుతుంది. సూత్రాలేవీ చెడవు. జాగ్రత్త పడవలసింది భద్రపరిచేటప్పుడు. ఆ కాలపు ఎక్సెల్‌లో సీఎస్‌వీగా (కామాలతో విడదీసిన ఉత్త టెక్స్టుగా) దాచితే అది యంత్రపు పాత సంకేత పట్టికలోకి మారుతుంది, ఆ పట్టిక అరబిక్‌ది కాకపోతే పైన చెప్పిన ప్రశ్నార్థకాలు అక్కడే పుడతాయి. సీఎస్‌వీ బదులు యూనికోడ్ టెక్స్ట్ అనే రకంలో దాచాలి.

అంకెల దగ్గర మిత్రుడు నవ్వాపుకోలేకపోయాడు. వర్డ్ ఆప్షన్స్‌లో కొత్తగా చేరిన సంక్లిష్ట లిపుల పుటలో అంకెలకు నాలుగు ఎంపికలున్నాయి: అరబిక్, హిందీ, సందర్భం, సిస్టమ్. అరబిక్ ఉత్తరం కదా అని అరబిక్ ఎంచుకుంటే మనం రోజూ రాసే 1, 2, 3 వచ్చాయి. ఈజిప్టు నుంచి గల్ఫ్ దాకా వాడే అంకెలు కావాలంటే హిందీ ఎంచుకోవాలి. అరబ్బులు తమ అంకెలను భారతీయ అంకెలనే పిలుస్తారు, ఐరోపావారు వాటి తోబుట్టువులను అరబ్బుల అంకెలంటారు. మొరాకో, అల్జీరియా, ట్యునీషియాలకు వెళ్లే ఉత్తరమైతే 1, 2, 3లే సరైనవి. ఇది ఫైలులో కాక వర్డ్‌లో ఉండే అమరిక అని గుర్తుంచుకోవాలి. ఇక్కడ ఒక రకంగా కనిపించిన అంకెలు అవతలివారి యంత్రంలో మరో రకంగా కనిపించవచ్చు. రూపం ముఖ్యమైన చోట పీడీఎఫ్‌గానో కాగితంగానో పంపడమే దారి.

ఆఫీస్ 2003 కన్నా పాతవి ఎవరైనా వాడుతుంటే, ఎక్కడ ఆగిపోవాలో తెలిస్తే శ్రమ తప్పుతుంది. వర్డ్ 97 పాఠాన్ని యూనికోడ్‌లోనే దాచేది గానీ, అరబిక్ రాయాలంటే అరబిక్ సంచికే వేరుగా కావలసి వచ్చేది. ఆఫీస్ 2000 నుంచి ప్రపంచమంతటికీ ఒకే ప్రోగ్రాము అయింది, కానీ కుడి నుంచి ఎడమకు రాసే సదుపాయాలు పనిచేయడానికి విండోస్ 2000గానీ, 95, 98ల మధ్యప్రాచ్య సంచికలుగానీ కింద ఉండాలి. ఇంగ్లీషు విండోస్ 98 మీద ఎంత పెనుగులాడినా ఫలితం ఉండదు. మ్యాక్ మీద ఆఫీస్ 2011, అంతకు ముందువి అయితే ప్రయత్నమే వద్దు. అక్కడ సరైన ద్విదిశ మద్దతు 2016 సంచికతో వచ్చింది. మాక్రోల బంధం లేనివారికి నేను చెప్పేది ఓపెన్ ఆఫీస్ గురించి. 2003లో వచ్చిన 1.1 సంచిక నుంచే అందులో ఈ సదుపాయం ఉంది, ఆప్షన్స్‌లోని భాషల పుటలో సంక్లిష్ట లిపి కూర్పుకు ఒక టిక్ పెడితే చాలు. 2010లో దాన్నుంచి విడిపోయిన లిబ్రె ఆఫీస్‌లోనూ అదే పుట.

పని ముగించే ముందు మిత్రుడి నమూనాలన్నిటిలో ఒక కొత్త శైలి చేర్చాను: దిశ కుడి నుంచి ఎడమకు, సంక్లిష్ట లిపి ఫాంటు ట్రెడిషనల్ అరబిక్, పరిమాణం 16. ఇకమీదట ఎవరు టైపు చేసినా ఆ శైలిని ఎంచుకుంటే దిశ గురించి ఆలోచించనక్కరలేదు. మొదటి ఉత్తరాన్ని అరబిక్ చదవగల ఆయన ఒకరికి చూపించాం. చుక్కలూ కుండలీకరణాలూ అన్నీ సరిగానే ఉన్నాయని, రెండో పేరాలోని కామా మాత్రం ఇంగ్లీషు కామా అని, అరబిక్ కామా తలకిందులుగా ఉంటుందని చెప్పారు. ఆ ఒక్కటీ నేను ఇంగ్లీషు కీబోర్డులో ఉండగా కొట్టినది.